బావ బొటనవేలికి ఆటల డబ్బా

రిమోట్ల మెకానిక్ పాత టీవీ బాక్స్ మూత విప్పి, చిప్ మీది సన్నటి అక్షరాలను భూతద్దంలో చదువుతోంది. అట్టపెట్టె మీద రాసిన చిప్ పేరును ఆమె నమ్మదు. మెమరీ కార్డులో వేసే ఆటల ఫైలు ఆ చిప్‌కు సరిపడకపోతే తెర నల్లగానే ఉండిపోతుంది. ఇదంతా ఆమె పాడైన సామాన్లు విప్పుతూ నేర్చుకున్నదే.

"టీవీ చూసే డబ్బాలో ఆటలెలా వస్తాయే?" అన్నాడు పక్కన కూర్చున్న అక్క మొగుడు. అతను బస్సు డ్రైవరు. పక్షవాతం తగ్గినా ఎడమ బొటనవేలు మాత్రం మొరాయిస్తోంది. అది కదిలేదాకా మళ్లీ స్టీరింగు పట్టనివ్వరు. పిసకమని రబ్బరు బంతి ఇస్తే, నేనేమన్నా చంటిపిల్లాడినా అని విసిరికొట్టాడు.

"ఇదీ చిన్న కంప్యూటరే బావా. కార్డులోంచి లేవమని చెప్పాలంతే."

ఆటల ఫైలు వేసిన కార్డును డబ్బాలో పెట్టి, ఆడియో వైరు గుచ్చే రంధ్రంలోకి ఆమె సన్నటి పుల్ల దూర్చింది. అడుగున దాక్కున్న బటన్ టిక్కుమంది. దాన్ని నొక్కిపట్టి కరెంటు ఇచ్చేసరికి తెర మీద పాత ఆటల పేర్లు బారులు తీరాయి.

బావ కంట్రోలర్ అందుకుని, బొమ్మను నడిపే ఎడమ బటన్‌ను కుడిచేత్తో నొక్కాడు.

"దొంగాటలు కుదరవు. నడుస్తూనే ఎగరాలి. ఎగిరే బటన్ కుడిపక్కనుంది."

బొమ్మ గోతిలో పడింది. మళ్లీ పడింది. విసుగొచ్చి ఎడమ వేలితోనే నొక్కాడు. బొమ్మ ఒక్కడుగు వేసింది.

"కదిలిందే," అన్నాడు మెల్లగా.

"బొమ్మా, వేలా?"

"నోర్మూసుకుని ఆడనీ."

అతను కంట్రోలర్ వదిలేదాకా ఆగి, ఆమె మూతకు స్క్రూలు బిగించి, ఇంట్లో ఆడుకోమని డబ్బా అతని చేతికిచ్చింది.