గ్వినెడ్ కోట చుట్టూ పసుపు గీత

కల్పించి చెప్పేంత నేర్పు నాకు లేదు. అరవై దగ్గరపడ్డాక అక్షరాలు దిద్దినదాన్ని. జరిగింది జరిగినట్టే చెబుతున్నాను... నమ్మకపోతే మీ ఇష్టం. మా ఇంట్లో ఎలాగూ నమ్మరు.

ఈ పరాయి దేశంలో, టార్నీట్ అనే ఊళ్ళో మా అమ్మాయి సుధ ఇంట్లో ఉంటున్నాను. మనవరాలు సహస్ర స్కూలు ప్రాజెక్టుకి అట్టతో కోట కట్టింది. వేల్స్‌లో గ్వినెడ్ అనే సీమను గెలుచుకున్న ఇంగ్లండు రాజు, అక్కడివాళ్ళు మళ్ళీ తలెత్తకుండా కట్టించిన కోటల్లో అదొకటట. పక్కనే గోడలు పెట్టి ఊరు కూడా కట్టాడట.

"ఆ ఊళ్ళో ఎవరుండేవాళ్ళే?"

"ఓన్లీ ఇంగ్లిష్ పీపుల్, అమ్మమ్మా. వెల్ష్ పీపుల్ నాట్ అలౌడ్."

"వాళ్ళ నేల మీదికి వాళ్ళనే రానివ్వరా!"

"డోంట్ యెల్ ఎట్ మీ! నేనా కింగ్‌ని?"

అట్టలు అతికించింది నేనే, ఉడికించిన మైదా జిగురుతో. దానికి చీమలు పట్టాయి. తెల్లారితే స్కూల్లో ఇవ్వాలి. అందుకని పడుకునే ముందు బల్ల మీద కోట చుట్టూ పసుపు గీత గీశాను. మన ఇళ్ళల్లో అందరూ చేసేదే.

నిద్ర పట్టలేదు. హాల్లోంచి... టక్. ఫ్రిజ్ అనుకున్నాను. టక్... టక్. అట్టను గోటితో కొడుతున్నట్టు.

వెళ్ళి లైటు వేశాను. చప్పుడు ఆగింది. కోట తలుపు మూసే ఉంది. దాని ఎదురుగా, పసుపు అంచున... చిన్న చిన్న అడుగుల మరకలు. గుంపుగా వచ్చి, గీత దగ్గర ఆగి, వెనక్కి తగ్గినట్టు. తడి మట్టి వాసన. చినుకు పడని రోజులవి!

చీమలా? చీమలకి అంతంత పాదాలా?

వంగి చూశాను. చెవి పక్కనే... ఎవరో ఊపిరి వదిలారు. చాలా దూరం నడిచినవాళ్ళు వదిలినట్టు.

నాకేం తోచిందో... కొంగుతో తలుపు ముందు గీత తుడిచేశాను. పరుగున వెళ్ళి ముసుగేసుకున్నాను.

పొద్దున చూస్తే కోట తలుపు లోపలికి విరిగి ఉంది. బురుజులన్నీ అణిగిపోయాయి. సహస్ర ఒకటే ఏడుపు.

"రాత్రి లేచి దాని మీద చెయ్యి ఆనించావామ్మా?" అంది సుధ.

"నేను ముట్టుకోలేదే!"

"మరి కొంగుకి ఆ పసుపేంటి?"

అంతా చెప్పాను. మొదటినుంచీ చెప్పాను.

"పిల్ల ప్రాజెక్టు పోయి ఏడుస్తుంటే దయ్యాల కథలేంటమ్మా!" అని విసుక్కుంది.

ఆ రోజు నుంచి సహస్ర నాతో మాట్లాడదు. నిన్న నా గది గుమ్మంలో నిలబడింది.

"జస్ట్ సే సారీ, అమ్మమ్మా. దట్స్ ఆల్."

చిన్న మాటే. అంటే చాలు, వచ్చి ఒళ్ళో వాలిపోతుంది. కానీ అంటే... నేనే పడగొట్టానని ఒప్పుకున్నట్టే కదా! నేను కాదు.

మరి ఎవరని చెప్పను?