సారలమ్మ నామినేషన్

పాలసంఘానికి ఎలక్షన్లు వస్తున్నాయన్న మాట చెవిన పడ్డప్పటి నుంచి సారలమ్మ కాలు ఒక్కచోట నిలవలేదు. ఇరవై రెండేండ్లుగా బొంతలపల్లె సంఘంలో పాలు పోస్తున్న మనిషి. ఊళ్లో పాలక్యాను నెత్తిన పెట్టుకొని పాలకేంద్రానికి నడిచిన మొదటి ఆడమనిషి ఆమే. కేంద్రంలో క్యాన్లు కడగడానికి నీళ్లు లేకపోతే, బోరు పడేదాకా అందరి వెంటా పడ్డదీ ఆమే. అయినా డైరెక్టర్ల కుర్చీల్లో ఎప్పుడూ మగవాళ్లే కూర్చున్నారు. ఈసారి తాను నిలబడతానని ఇంట్లో చెప్పింది. బొగ్గుబావిలో పనిచేసే భర్త పోశం మాట తక్కువ మనిషి. నిలబడు అని ఒక్కమాట అని, ఆ సాయంత్రమే పది ఇండ్లు తిరిగి చెప్పి వచ్చాడు.

మూడోనాడు సంఘం నుంచి కాగితం వచ్చింది. కోడలు రమ చదివింది. సంఘం పరిధిలో నివాసం లేనివాళ్లు సభ్యులుగా ఉండరాదట. మూడేండ్లుగా సారలమ్మ ఊళ్లో ఉండటం లేదట. అందుకని సభ్యత్వం రద్దు.

ఊళ్లో లేని మాట నిజమే. ఓపెన్‌కాస్టు గని పెరిగి బొంతలపల్లెలో సగం దానికింద పోయింది. సారలమ్మ వాడకు ఆరు కిలోమీటర్ల అవతల, గోదావరిఖని దారిలో పునరావాస కాలనీ కట్టి ఇచ్చారు. పాత ఇల్లున్న చోట ఇప్పుడు గని మట్టిగుట్ట లేచి ఉంది. కానీ ఆమె తన మూడు బర్రెలనూ వెంట తెచ్చుకుంది. రోజూ తెల్లవారకముందే పాలు పిండి, ఆటోలో వేసుకుపోయి పాత కేంద్రంలోనే పోస్తోంది. కాగితం వచ్చిన నాడు కూడా పోసి వచ్చింది.

సంఘం అధ్యక్షుడు వీరేందర్ దగ్గరికి పోయి అడిగింది.

"రూల్ గట్లున్నదక్కా, నేనేం జెయ్యాలె?" అన్నాడతను, ఆమె ముఖం చూడకుండా.

ఆమె ఒక్కతే కాదు, కాలనీకి వచ్చిన మరో ముప్పై ఎనిమిది మంది పేర్లూ పోయాయని అక్కడే తెలిసింది. వాళ్లందరి ఓట్లు ఒక్కవైపు పడితే వీరేందర్ కుర్చీ కదులుతుంది. సారలమ్మ వాదన పెట్టుకోలేదు. సంఘం బైలా పుస్తకం ఇమ్మని అడిగి తెచ్చుకుంది. రమ రెండు రోజులు దాన్ని వదల్లేదు. సభ్యుణ్ని తీసేసే ముందు నోటీసు ఇవ్వాలి, అతని మాట వినాలి అన్న వాక్యం దొరకగానే అత్తాకోడళ్లిద్దరూ వాకిట్లోకి ఉరికి కాలనీ అంతటికీ చెప్పారు. అందరి సంతకాలతో దరఖాస్తు పెద్దపల్లి సహకార ఆఫీసుకు చేరింది. విచారణకు పిలుపు వచ్చింది. అది నామినేషన్లకు ఆఖరిరోజే. మూడు గంటలకు గడువు.

ఆఫీసరు ముందు సారలమ్మ కొంగుముడి విప్పి రేషన్‌కార్డు, ఓటుకార్డు, కాలనీ పట్టా వరసగా పరిచింది. మూడింటి మీదా బొంతలపల్లె గ్రామ పంచాయతీ అనే ఉంది.

"నేను ఎటూ పోలే సారు. ఊరు జరిపిండ్రు, ఊరితోని జరిగిన. పాలు మాత్రం ఒక్కపూట గూడ ఆపలే."

నోటీసు ఇచ్చారా అని ఆఫీసరు అడిగితే, ఇవ్వలేదని సంఘం సెక్రటరీ ఒప్పుకున్నాడు. వీరేందర్ కూడా గోదావరిఖనిలో కొడుకు క్వార్టర్‌లోనే ఉంటున్నాడని రమ అత్త చెవిలో గుర్తుచేసింది. ఆ ఒక్కమాట అంటే అతని సభ్యత్వమూ అదే రూలుకింద పోతుంది. సారలమ్మకు నోటిదాకా వచ్చింది. కానీ అతని బర్రెలూ ఊళ్లోనే ఉన్నాయి, పాలూ ఊళ్లోనే పోస్తున్నాడు. తనకు జరిగిందే అతనికీ జరగాలని ఎట్లా అడుగుతుంది? ఆ మాట మింగేసింది.

ముప్పై తొమ్మిది పేర్లూ తిరిగి ఎక్కించాలని ఆర్డరు చేతికి వచ్చేసరికి ఒంటిగంటన్నర. బస్సులో సారలమ్మ సీట్లో కూర్చోలేకపోయింది. డ్రైవరు వెనకాలే నిలబడి, ముందుపోయే ప్రతి బొగ్గులారీనీ కండ్లతోనే పక్కకు నెట్టింది. గోదావరిఖని బస్టాండులో పోశం బండి స్టార్ట్ చేసి ఉన్నాడు. రెండో షిఫ్టు బట్టల మీదే వచ్చాడు. డ్యూటీకి టైమవుతోంది కదా అని ఆమె వెనకాడింది.

"ఇయ్యాల మస్టర్ల హాజరు పోతే పోనీ. జల్ది ఎక్కు," అన్నాడు.

పెండ్లయిన ముప్పై ఏండ్లలో అతను కావాలని డ్యూటీ మానడం ఆమె చూడలేదు. బండి మట్టిగుట్ట చుట్టూ తిరిగి బొంతలపల్లె చేరింది. కేంద్రం ముందు కాలనీవాళ్లంతా అప్పటికే నిలబడి ఉన్నారు. ఎలక్షన్ అధికారి ఫారం అందుకుని గడియారం చూసి, రెండూ యాభై రెండు అని రాశాడు. సారలమ్మ రిజిస్టరులో సంతకం పెట్టి పెన్ను తిరిగిచ్చింది. ఎవరో ఈల వేశారు.

వారం తర్వాత ఓట్లు లెక్కబెడితే అందరికన్నా ఎక్కువ ఆమెకే వచ్చాయి. వీరేందర్ డైరెక్టర్లలో ఆఖరివాడిగా గట్టెక్కాడు. మొదటి మీటింగులో, గనికింద ఊరు పోయి జరిగినవాళ్లు ఎక్కడున్నా సభ్యులుగానే ఉండేటట్టు బైలా మార్చాలని సారలమ్మ తీర్మానం పెట్టింది. అందరికన్నా ముందు వీరేందర్ చెయ్యెత్తి బలపరిచాడు.

"నా సంగతి ఆ రోజు ఆఫీసుల ఎందుకు చెప్పలేదక్కా?" అని బయటికి వచ్చాక అడిగాడు.

"నీ పాలు గూడ మన క్యాన్లనే పడాలె గద తమ్మీ," అంది ఆమె. ఓట్లప్పుడు ఆమె మాటిచ్చిన కొత్త పాలకేంద్రం తెల్లారితే కాలనీలో తెరుస్తున్నారు. తూకంకాటా తేవాలి, పందిరి వేయించాలి. అప్పటికే ఆమె చెప్పులు తొడుక్కుని గబగబా నడుస్తోంది.