కప్పు తట్టే ఓదెలు

బొగ్గుబాయిలో పని చాలించి బూర్గంపాడు వచ్చాక కూడా ఓదెలు ఎవరింటికి వెళ్లినా ముందు పొడవాటి చేతికర్రతో పైకప్పు తట్టి, తల ఒక పక్కకు వంచి వినేవాడు. ఖంగుమంటేనే కూర్చునేవాడు. కూలబోయే బాయి కప్పులా డొల్లగా మోగితే గడప దాటేవాడు కాదు. ఆయన చెంప మీద, చర్మం లోపలికి దిగిన బొగ్గు నలుసు నీలంగా కనిపించేది. బాయిలో కప్పు కూలినప్పుడు అవతల చిక్కి, శవమై కూడా బయటికి రాని జోడీదారు రాజలింగు మాట మాత్రం ఎత్తేవాడు కాదు.

ఒక ఆదివారం మధ్యాహ్నం ఓదెలు వచ్చి కూర్చుంటే పక్కింటి శోభారాణి టీవీలో సీడీ పెట్టింది. ఏదో డిటెక్టివ్ నవలను ఇంగ్లండువాళ్లు వెనకటి రోజుల్లో తీసిన నలుపు తెలుపు సినిమా. మాయమైన మనిషిని వెతుకుతూ డిటెక్టివ్ కర్రతో గోడ తట్టాడు. డొల్ల చప్పుడు వచ్చింది. ఓదెలు ఎగిరి లేచాడు.

"బయటికి ఉర్కుండ్రి! కూలుతది!"

"ఏంది మామా, టీవీల గోడ మన మీద పడతదా?" శోభారాణి పకపకా నవ్వింది.

గోడ కూలలేదు. తలుపులా తెరుచుకుంది. చీకట్లోంచి ఆ మాయమైన మనిషి కళ్లు నులుముకుంటూ నడిచి వచ్చాడు. ఓదెలు టీవీ దగ్గరికి వెళ్లి చతికిలబడ్డాడు.

"ఎన్ని దినాలకు బయటికి తీసిన్రు బిడ్డా?"

"గదంత సినిమా, మామా."

"అవ్, ఎరుకే. గా తట్టేకాడి నుంచి మళ్ల ఎయ్యి."

నవ్వు ఆపి ఆమె వెనక్కి తిప్పింది. ఈసారి డొల్ల చప్పుడుకు ఓదెలు కదలలేదు. గోడ తెరుచుకుంటుంటే మెల్లగా పిలిచాడు.

"లింగూ..."