తాయెత్తులో కప్ప

మా పాపకు ఉరుమంటే చచ్చేంత భయం. నాంపల్లిలో మేముండే ఇంటికి పైన రేకుల కప్పు. వాన పడితే పెద్దవాళ్లకే చెవులు చిల్లులు పడతాయి, ఆరేళ్ల పిల్ల సంగతి చెప్పాలా.

పోయిన వానాకాలం మొదట్లో మా బావగారు, అత్తమ్మ పెద్దకొడుకు, కేరళ కొండల నుంచి వచ్చారు. ఆయన టూరిస్టు బండి నడుపుతారు. మిరియాలు, యాలకులతో పాటు మా అత్తమ్మ చేతిలో ఏదో పొట్లం పెట్టి వెళ్లారు. మర్నాడు నేను ఆబిడ్స్‌లో పనిచేసే కళ్లజోళ్ల షాపు నుంచి వచ్చేసరికి పాప మెడలో నల్లతాడు, దానికి ఎర్రగుడ్డతో కుట్టిన తాయెత్తు.

"ఏంటత్తమ్మా ఇది?" అన్నాను.

"భయం పోయేటందుకు. గాడ కొండల మీదోళ్లు పిల్లలకు గిదే కడ్తరంట. ఏదో మూలికని చెప్పిండు. నువ్వు ఫికర్ చెయ్యకు బిడ్డా."

విభూతికీ తాయెత్తుకీ నేనెప్పుడూ అడ్డు చెప్పలేదు. ఊరుకున్నాను.

కొన్నాళ్లకు ఇంట్లో వాసన మొదలైంది. ఎలుక చచ్చిందేమోనని బీరువా జరిపించాను, ఫ్రిజ్ వెనక ఊడ్చాను. తడిసిన తోలు, మురిగిన గుడ్డు కలిసినట్టుండే వాసన. ఒక సాయంత్రం పాపను దగ్గరికి తీసుకుని ముద్దు పెట్టబోయి ఆగిపోయాను. ఆ వాసన నా బిడ్డ మెడలోంచే వస్తోంది. చెమటకూ స్నానం నీళ్లకూ నానీ నానీ తాయెత్తు మెత్తబడిపోయింది.

బాల్కనీలో కూర్చుని కుట్లు విప్పాను. ముందు ఎండిన వంకాయ ముక్క అనుకున్నాను, రంగు అలాగే ఉంది. తర్వాత మొనదేలిన తెల్లటి ముక్కు కనిపించింది, పంది మూతిలా. మూసుకుపోయిన బుల్లి కళ్లు, మట్టి తవ్వుతున్నట్టు ముందుకు చాచిన పొట్టి చేతులు. నడుము దగ్గర కత్తిరించేశారు. కోసిన చోట పురుగులు కదులుతున్నాయి. దాన్ని వదిలేసి సింకు దగ్గరికి పరుగెత్తి వాంతి చేసుకున్నాను. పాపను ఒకటికి రెండుసార్లు సబ్బుతో రుద్ది కడుగుతుంటే, "నొప్పమ్మా," అని ఏడ్చింది.

ఫోటో తీసి, జువాలజీ పాఠాలు చెప్పే నా పాత క్లాస్‌మేట్‌కు పంపాను. వెంటనే ఫోన్ చేసింది.

"ఇది నీకెక్కడిదే? ఊదారంగు కప్ప. ఏడాదంతా మట్టి లోపలే చెదపురుగులు తింటూ బతుకుతుంది. తొలి వానలకు జతకట్టడానికి కొద్ది రోజులు పైకొస్తుంది, అంతే. అలా వచ్చినప్పుడే పట్టుకుని ఉంటారు."

అంతసేపూ నాకు అసహ్యం కప్ప మీదే. ఆ మాట విన్నాక అది మనుషుల మీదికి మళ్లింది. ఎవరి జోలికీ రాకుండా మట్టిలో పడి ఉండే ప్రాణి. పెళ్లికి బయల్దేరినట్టు ఓ నాలుగు రోజులు పైకొస్తే, కత్తిరించి, ఎండబెట్టి, అమ్మేశారు. మేము కొని పిల్ల మెడలో కట్టాం.

అత్తమ్మకు చూపించాను. కట్టే ముందు దాన్ని రాత్రంతా దేవుడి అరలో పెట్టిందట. లేచి వెళ్లి పటాలన్నీ దించి, అర కడగడం మొదలుపెట్టింది.

మా గల్లీ అంతా సిమెంటే, పాతిపెట్టడానికి పిడికెడు మట్టి లేదు. కరివేపాకు కుండీలో పాతాను. ఆ చెట్టు ఆకు ఆ తర్వాత కూరలో వేయలేకపోయాను. చివరికి కుండీయే ఎవరికో ఇచ్చేశాను.

తాడు ఏదని పాప అడిగితే ఉన్నది ఉన్నట్టు చెప్పాను. ముఖం చిట్లించి, మెడ తడుముకుని, "మిగతా సగం ఎవరికి కట్టారమ్మా?" అంది. ఉరుములకు ఇప్పటికీ భయపడుతుంది. భయపడినప్పుడల్లా నేనో అత్తమ్మో పక్కన పడుకుంటాం.

దసరాకు బావగారు భోజనానికి వచ్చారు. వడ్డిస్తూ అత్తమ్మే అడిగింది.

"గది కప్పని నీకెర్కనా?"

"ఔ. ఎర్కనే. కప్పంటే నువ్వు కడ్తవా?" అని నవ్వి, "పనిచేసిందా లేదా జర చెప్పు," అన్నారు.

"గిసొంటివి ఇంకోపారి ఇంట్లకు తేకు," అంది అత్తమ్మ. అన్నం మాత్రం మళ్లీ వడ్డించింది.

ఆయన పప్పు కలుపుకుని, వేళ్లు నాక్కుంటూ తృప్తిగా తిన్నారు. ఆయన వెళ్లాక ఆ కంచాన్ని విడిగా, వేడినీళ్లతో తోమాను. అయినా దాంట్లో పాపకు అన్నం పెట్టబుద్ధి కాలేదు.