తైవాన్ హీరో కాళ్ళు

మట్టితో మనిషిని చేసి, ఆ మట్టికి నడక నేర్పిన దేవునికి స్తోత్రం. పడేవాణ్ణి చూసేవాడూ, పడినవాణ్ణి లేపేవాడూ ఆయనే. నాకు నోరిచ్చినవాడూ, ఆ నోటిని కాచుకోలేని నన్ను ఇన్నేళ్ళు భరించినవాడూ ఆయనే. ముందు ఆయనను స్తుతించకుండా ఈ సంగతి రాయడానికి నాకు ధైర్యం చాలదు.

ఒమాన్‌లో, సలాలా పక్కన రైసూత్‌లో, ఒక కన్‌స్ట్రక్షన్ కంపెనీ స్టోర్‌లో నేను పనిచేసిన రోజులవి. తొంభైలు అప్పుడే మొదలయ్యాయి. మా క్యాంపులో దాదాపు అందరూ కరీంనగర్, నిజామాబాద్ వైపు మేస్త్రీలు, హెల్పర్లు. గుంటూరు జిల్లావాణ్ణి నేనొక్కణ్ణే. మా నాన్న సంఘకాపరి. వాక్యం వింటూ, వల్లిస్తూ పెరిగినవాణ్ణి. అందుకే ఎవరూ నాకు అభిషేకం చేయకపోయినా క్యాంపులో అందరికీ నేను పాస్టరన్ననే.

శుక్రవారం సెలవు. ఆ పొద్దున పదింటికి మెస్ హాల్లో ప్రార్థన పెట్టుకునేవాళ్ళం. మొత్తం ఎనిమిది మందిమి. సలాలా ఆసుపత్రిలో నర్సుగా చేసే ఒక అక్క టాక్సీలో వచ్చేది. మిగిలినవాళ్ళు పక్క క్యాంపులవాళ్ళు. హాల్లో ఒక మూల టీవీ, వీసీఆర్ ఉండేవి. వాటి మీద దుప్పటి కప్పి మేము పాటలు పాడుకునేవాళ్ళం.

ఆ దుప్పటి తీసినవాడు నా రూమ్మేట్. కరీంనగర్ వైపు మనిషి, సైట్‌లో ఇనుప రాడ్లు వంచే మేస్త్రీ. తైవాన్ హీరో ఒకాయన సినిమాలంటే వాడికి ప్రాణం. గురువారం ఓవర్‌టైమ్ అయ్యాక బజారుకు వెళ్ళి క్యాసెట్ తెచ్చేవాడు. షాపాయన దాన్ని మర్నాడు జుమ్మా నమాజుకు ముందే వాపసు ఇమ్మనేవాడు. కాబట్టి చూస్తే శుక్రవారం పొద్దున్నే చూడాలి. ఆ హీరో గోడల మీద పరుగెత్తేవాడు, మేడల మీంచి దూకేవాడు. సినిమాలో మాటలు ఎవరికీ అర్థం కావు. "తన్నులకు భాషెందుకన్నా?" అనేవాడు రూమ్మేట్.

మొదటి వారం మమ్మల్ని అరగంట ఆగమన్నారు. రెండో వారం గంట. మూడో వారం మేము బయట నీళ్ళ ట్యాంకు నీడలో కూర్చుని పాడాం. లోపల ఈలలు. నీళ్ళు తాగొస్తామని లేచిన మావాళ్ళు ముగ్గురు తిరిగి రాలేదు. నాకు ఒళ్ళు మండిపోయింది. లేచి నిలబడి, చేతులెత్తి, లోపలివాళ్ళకు వినపడేంత గట్టిగా ప్రార్థించాను.

"ప్రభువా, నీ మందను చెదరగొడుతున్న ఆ గెంతులవాడి కాళ్ళు విరగ్గొట్టు. వాడు మళ్ళీ గెంతకుండా చెయ్యి."

ముగ్గురు ఆమెన్ అన్నారు. నర్సక్క అనలేదు.

నెల తిరగలేదు. రూమ్మేట్ డ్యూటీ నుంచి వచ్చి, బూట్లయినా విప్పకుండా నా మంచం దగ్గర నిలబడ్డాడు.

"పాస్టరన్నా, నీ దేవుడు ఇన్నడే."

"ఏం విన్నాడు?"

"మా హీరో పడ్డడు. షూటింగ్‌ల మూడంతస్తుల మీదికెల్లి. నడుం ఇరిగిందట, కాళ్ళు కదుల్తలేవట. ఇంజనీర్ పేపర్ల ఫోటో జూపెట్టిండు."

మేము కడుతున్న ఫ్యాక్టరీలో మెషీన్లు బిగించడానికి తైవాన్ నుంచి ఒక ఇంజనీరు వచ్చి ఉన్నాడు. ఆయనకు వాళ్ళ ఊరి నుంచి పేపర్ల కట్ట పోస్టులో వచ్చేది.

ఆ పూట మెస్‌లో ఒకటే నవ్వులు. "అన్నా, జర మన ఫోర్‌మన్ కాలు గూడ సూడరాదే. రెండొద్దు, ఒకటి సాలు." "అన్నకు కూర ఎక్కువెయ్యుండ్రి, లేకుంటే మన పని గూడ అయితది." నేనూ నవ్వాననే గుర్తు. రూమ్మేట్ కంచం తీసుకుని వేరే బల్ల దగ్గరికి పోయి కూర్చున్నాడు.

ఆ రోజు నుంచి స్టోర్‌లో ఎవరైనా రాడ్ కింద పడేస్తే, ఎవరి కాలి మీదైనా పడిందేమోనని లేచి చూసేవాణ్ణి. తమను రానివ్వని ఊరి మీద నిప్పు కురిపించమంటావా అని అడిగిన శిష్యులను ప్రభువు గద్దించాడని చిన్నప్పుడే నేర్చుకున్నవాణ్ణి. వాళ్ళు అడిగారు గానీ నిప్పు కురవలేదు. నేనడిగింది జరిగింది. తరువాతి శుక్రవారం ప్రార్థన నడిపించమంటే పుస్తకం పక్కవాడికిచ్చి వెనక కూర్చున్నాను. అందరూ వెళ్ళాక నర్సక్కను ఆపాను.

"అక్కా, నా వల్లే జరిగిందంటావా?"

"నీ నోటికి అంత బలముందని ఎవరు చెప్పారు తమ్ముడూ? అదీ గర్వమే. దూకడం ఆయన పని. దూకాడు, పడ్డాడు. పడాలని కోరుకున్నావు చూడు, అది నీ తప్పు."

"మరి లేవాలని కోరుకుంటే?"

"కోరుకో, రోజూ కోరుకో. మా వార్డులో నడుం విరిగి లేచినోళ్ళున్నారు, లేవనోళ్ళూ ఉన్నారు. నేనైతే ఏ మాటా ఇవ్వలేను."

ఆమె టాక్సీ ఎక్కి వెళ్ళిపోయింది. నాకు భయం ఇంకా పెరిగింది. నా ప్రార్థనకు పడగొట్టే బలం లేకపోతే, లేపే బలం మాత్రం ఎక్కణ్ణుంచి వస్తుంది?

ఇంజనీరు బోల్టులకో, గ్రీజుకో స్టోర్‌కు వచ్చేవాడు. వచ్చినప్పుడల్లా "హాస్పిటల్?" అని అడిగేవాణ్ణి. ఆయన అంతంత మాత్రమేనన్నట్టు అరచేతిని అటూ ఇటూ ఊపేవాడు. నేనూ ఆ హీరో అభిమానిననుకుని, కొంచెం హిందీ, కొంచెం ఇంగ్లీషు, మిగతాది చేతులతో ఆయన కథంతా చెప్పుకొచ్చాడు.

హీరో తండ్రి సిపాయి. ఏడేళ్ళ కొడుకును పాటల నాటకాలు నేర్పే బడిలో వదిలి, పదేళ్ళపాటు మీవాడేనని కాగితం రాసిచ్చాడు. అక్కడ పిల్లలు తెల్లారకముందే తలకిందులుగా నిలబడాలి. కాలు వణికితే బెత్తం దెబ్బ. వాడు పెద్దవాడయ్యేసరికి జనం నాటకాలు మానేసి సినిమాలకు పోతున్నారు. బతకడానికి సినిమాల్లో వేరే హీరోల బదులు దూకాడు. ఎన్నో ఏళ్ళు తెర మీద కనిపించింది వాడి వీపు మాత్రమే. తన ముఖం తెర మీదికి వచ్చాక ఒక పట్టు పట్టాడట: నా బదులు ఎవరూ దూకొద్దు, ఆ దెబ్బ ఎలా ఉంటుందో నాకు తెలుసు అని. ఆ రోజు మూడంతస్తుల మీంచి ఇంకొకణ్ణి దూకిస్తామని అందరూ బతిమాలినా వినలేదట.

నేను కాళ్ళు విరగాలని అడిగింది ఇటువంటి మనిషికి. ఇంకొకడు పడకూడదని తాను పడినవాడికి.

ఇంజనీరు నాకు పేపర్లోని ఫోటో కత్తిరించి ఇచ్చాడు. ఛాతీదాకా కట్టుతో మంచం మీద హీరో, ఆయన పాదం పట్టుకుని తల్లి. సినిమా బొమ్మలు గోడకు అంటించడం తప్పని చెప్పే నేను ఆ ముక్కను నా వాక్యపుస్తకంలో దాచుకున్నాను. ఒకరోజు రూమ్మేట్ కంట పడింది.

"గిదేందన్నా? దేవుని పుస్తకంల మా హీరోనా?"

"లేవాలని అడుగుతున్నాను తమ్ముడూ."

వాడు ఆ ముక్కను మళ్ళీ పుస్తకంలో పెట్టి నా చేతికిచ్చాడు. మర్నాటి నుంచి డ్యూటీ బస్సెక్కే ముందు రోజూ ఒకటే ప్రశ్న: "ఇయ్యాల జేసినవా?" చేశానంటేనే ఎక్కేవాడు.

మెషీన్లు నడిచాయి. ఇంజనీరు వెళ్ళిపోయాడు. కబురు ఆగిపోయింది. ఏడాది పైనే గడిచాక ఒక గురువారం రూమ్మేట్ ఒక క్యాసెట్ తెచ్చాడు. "పడ్డంక దీసిందట. షాపాయన జెప్పిండు" అన్నాడు. ఆ శుక్రవారం ప్రార్థన ఎనిమిదింటికే ముగించి, ఆ టీవీ ముందు మొదటిసారి కూర్చున్నాను.

అందులో ఆయన గురువు. ముఖం చిక్కిపోయింది. సినిమా అంతా కుర్చీలో కూర్చునే ఉన్నాడు. తన్నులన్నీ శిష్యులవే. నా చూపు ఆయన కాళ్ళ మీదే. కాళ్ళను చీలమండలదాకా అంగీ కప్పేసింది. చిట్టచివర ఆయన లేచి మెట్లు దిగి వాకిలి దాటి వెళ్ళాడు. కెమెరా వెనక ఉంది. కనిపించింది వీపే.

"లేచిండు! ఆయనే అన్నా, ఆ భుజం జూడు!"

"ముఖం కనపడలేదు తమ్ముడూ. వెనక్కి తిప్పు."

తిప్పాడు. మళ్ళీ తిప్పమన్నాను. మూడోసారి హాలంతా నవ్వింది. "పాస్టరన్నకు సినిమా పిచ్చి వట్టిందిరో!" నాలుగోసారి చూడటానికి టైము లేదు. నమాజు వేళకు క్యాసెట్ షాపులో ఉండాలి. రూమ్మేట్ దాన్ని బయటికి తీసి, చేత్తో పట్టుకుని నిలబడ్డాడు.

"ఆయన తన బదులు ఇంకొగన్ని వెట్టుకోడు గదన్నా?"

"పెట్టుకోడు" అన్నాను. నడవలేనివాడు ఇంకేం చేయగలడు అన్న మాట నా నోటిదాకా వచ్చింది. ఈసారి ఆ నోటిని మూసుకున్నాను.

తరువాత ఎవరి దారిన వాళ్ళం ఇళ్ళకు వచ్చేశాం. ఫోటో ముక్క పచ్చబడిపోయింది. దాని కింద ఉన్న అక్షరాల్లో ఆయన పేరేదో నాకు చదవడం రాదు. పేరు తెలియని మనిషి కోసం రోజూ అడుగుతూనే ఉన్నాను. నా ఒక్కడి గొంతు మీద నాకు ఇప్పటికీ నమ్మకం లేదు. అందుకే మిమ్మల్ని బతిమాలుతున్నాను. ఈ కాగితం పక్కన పెట్టి, ఒక్క నిమిషం నాతో కలిసి అడగండి. ప్రభువా, ఆ మెట్లు దిగినవి ఆయన కాళ్ళే కావాలి. కాకపోతే ఆయనను ఇప్పుడైనా లేపు, ఆయన బదులు నడిచిన ఆ ముఖం కనపడని మనిషిని కూడా పడనివ్వకు. ఆమెన్ మీరనండి.