కాళ్ళు ఆనేయా?

రెండేళ్ళ కిందటి వేసవి. రాజోలులో మా వసారాలో విమానం సీటు ఒకటి వేసి ఉంది. అసలుది కాదు. బెంగళూరులో నేను విమానాల సీట్లు డిజైన్ చేస్తాను. మా కొత్త సీటు కొలతలిచ్చి వడ్రంగి చేత చెక్క, ఫోమ్‌తో చేయించిన నమూనా అది. మాక్-అప్ అంటాం.

కువైట్‌లో వంటపని చేసే మా దుర్గ పిన్ని కోసమే ఆ తంటా. కిందటిసారి విమానం దిగేసరికి ఆవిడ కాళ్ళు చెప్పుల్లో పట్టనంత వాచిపోయాయి. మళ్ళీ అలా అయితే రక్తం గడ్డకట్టొచ్చని డాక్టరుగారు హెచ్చరించారు. ఆవిడేమో పదిరోజుల్లో వెళ్ళక తప్పదు. కాళ్ళు ఎందుకు వాస్తున్నాయో నాకు తేలాలి.

గల్ఫ్ వెళ్ళొచ్చిన ఇరుగుపొరుగు ఆడవాళ్ళని కూడా పిలిచి కూర్చోబెట్టాను.

"ఎలా ఉందండీ?"

"ఆయ్, సుబ్బరంగా ఉందమ్మా."

"నువ్వు చెప్పు పిన్నీ."

"బంగారంలా ఉందే."

పెళ్ళిభోజనంలో పప్పులో ఉప్పు లేకపోయినా బ్రహ్మాండం అనే జనం మేము. ఇంటిపిల్ల చేయించిన సీటుకి వంక పెడతారా? విసుగొచ్చి, అడగడం మానేసి చూస్తూ కూర్చున్నాను. కాసేపటికి పిన్ని కాలివేళ్ళతో నేలకోసం వెతుక్కుంది. అందలేదు. మెల్లగా చేతిసంచీ కాళ్ళకిందకి లాక్కుంది. సీటు ముందంచు తొడల కింద నొక్కుతోంది. పొట్టివాళ్ళకి రక్తం ఆగేది అక్కడే.

సీటు ఎత్తు తగ్గిస్తే పొడుగువాళ్ళకి ఇబ్బంది. కింద పీట బిగిస్తే బరువు, బరువుకి ఇంధనం, పైగా ప్రమాదంలో పరిగెత్తేవాళ్ళ కాళ్ళకి అడ్డం. ఫోమ్ తగ్గిద్దామంటే కుదుపుని కాసేది అదే. చివరికి ముందంచు ఒక్కటీ గుండ్రంగా కిందికి జార్చి మెత్తటి ఫోమ్ పెట్టించాను. వాటర్‌ఫాల్ ఎడ్జ్ అంటారు దాన్ని. పిన్ని కూర్చుని ఈసారి ఏమీ అనలేదు, కునుకు తీసింది. నాకు ఏడుపొచ్చినంత పనయింది.

కానీ ఏ మార్పైనా మంట పరీక్షలూ, క్రాష్ పరీక్షలూ దాటి విమానమెక్కడానికి ఏళ్ళు పడుతుంది. పిన్ని పాత సీటులోనే వెళ్ళాలి. గాలి ఊదుకునే కాళ్ళదిండు కొనిచ్చి, మధ్యమధ్యలో లేచి నడవమని పదేపదే చెప్పి పంపాను.

మర్నాడు ఫోన్ చేసింది.

"దిగేనే అమ్మాయ్. సీటు బానే ఉంది."

"అది కాదు పిన్నీ. కాళ్ళు ఆనేయా?"



"దిండు మీద ఆనేయే. చెప్పులు కూడా పట్టేయి. ఇన్నేళ్ళుగా తిరుగుతున్నాను గానీ, ఆ మాట నన్నెవరూ అడగలేదే తల్లీ."

ఆ అంచు ఇంకా పరీక్షల్లోనే ఉంది. ఇప్పుడు మా ల్యాబ్‌లో ఎవరు కూర్చున్నా బాగుందా అని అడగను. ముందు కాళ్ళవైపు చూస్తాను.