చదివి వినిపించాను, వివరించాను

పోలీసు చర్యతో హైదరాబాదు ఇండియాలో కలిసిన మరుసటి సంవత్సరం, వానలు మొదలైన రోజుల్లో, సికింద్రాబాదులోని ఒక గృహరుణ సహకార సంఘంలో నన్ను తనఖా విభాగంలో జూనియర్ గుమస్తాగా వేశారు. అప్పటికి నాకు ఇరవై ఏళ్లు. పాత ఇళ్ల కాగితాలు చాలావరకు ఉర్దూలో ఉండేవి. కొత్తగా రాసే దస్తావేజులు ఇంగ్లీషులో. అప్పు కోసం వచ్చేవాళ్లలో ఎక్కువమంది మాట్లాడేది తెలుగు. మాది ఇంట్లో తెలుగు మాట్లాడే ముస్లిం కుటుంబం. ఉర్దూ బడిలో, ఇంగ్లీషు మిషన్ స్కూల్లో నేర్చుకున్నాను. మూడు భాషలకూ ఒకే జీతం సరిపోతుందని నన్ను తీసుకున్నారు.

మా నాన్న, అబ్బా, కార్ఖానా అనే పేటలో గుర్రపు జీన్లు కుట్టేవారు. సైన్యపు పల్టన్లలో గుర్రాలు తగ్గిపోయాక ఆయన పని కూడా తగ్గింది. నా జీతం మీద ఇల్లు నడిచేది. ఆ రోజుల్లో మా వాళ్లెవరూ బయట గొంతెత్తి మాట్లాడేవారు కారు. ఇవన్నీ నిజాలే, కాని నేను చెప్పబోయేదానికి ఇవి కారణాలు కావు. చాలా ఏళ్లు వీటినే కారణాలుగా నాకు నేను చెప్పుకున్నాను కనుక ముందే ఈ మాట రాస్తున్నాను.

మా విభాగంలో పని ఇలా జరిగేది. ఇంటిని తనఖా పెట్టుకుని సంఘం అప్పిస్తుంది. అసలు దస్తావేజులు మా ఇనప బీరువాలో ఉంటాయి. అప్పు తీరిన రోజు అవి తిరిగి ఇచ్చేస్తాం. తనఖా పత్రం భాష చదవలేని మనిషికి ఒక గుమస్తా దాన్ని అతని భాషలో చెప్పి, కింద ఒక వాక్యానికి సంతకం చేయాలి: ‘చదివి వినిపించాను, అర్థమయ్యేలా వివరించాను.’ ఆ సంతకం లేకపోతే కాగితం సబ్‌రిజిస్ట్రారు దగ్గరికి వెళ్లదు. ఆ సంతకం నా ఉద్యోగం.

పెద్ద గుమస్తా నరహరి రావు గారు నాకు ఆ పని పది నిమిషాల్లో నేర్పారు. ‘‘నెల వాయిదా ఎంతో చెప్పు. ఎప్పుడు కట్టాల్నో చెప్పు. కట్టకపోతే ఇల్లు పోతదని చెప్పు. అంతకంటె ఎక్కువ చెప్తే వాళ్లు పరేషాన్ అయితరు, మనకు పొద్దుపోతది,’’ అన్నారు. ఆయన చెడ్డమనిషి కారు. ఆయనకూ ఎవరో అలాగే నేర్పి ఉంటారు.

నాకు మనుషులతో మాట్లాడడం కష్టం, కాగితంతో సులువు. మధ్యాహ్నం అందరూ టిఫిన్ డబ్బాలు తెరిచి కబుర్లు చెప్పుకుంటుంటే నేను బీరువా పక్కన కూర్చుని ఏదో ఒకటి చదివేదాన్ని. తెచ్చుకున్న పుస్తకాలు అయిపోయిన రోజున వడ్డీ పట్టికల పుస్తకం తీశాను. అది నన్ను కథలాగే పట్టుకుంది. నెల వాయిదా మొదటి నుంచి చివరి దాకా ఒకటే. దాని లోపల ఉన్నది మాత్రం ప్రతి నెలా మారుతుంది. మూడువేల రూపాయలు, ఏడాదికి నూటికి ఎనిమిది వడ్డీ, ఇరవై ఏళ్లు అనుకుంటే, నెలకు ఇరవై అయిదు రూపాయల ఒకటిన్నర అణా. మొదటి నెల అందులో ఇరవై రూపాయలు వడ్డీకే పోతాయి. అసలు తగ్గేది అయిదు రూపాయల చిల్లర. అసలు తగ్గేకొద్దీ వడ్డీ తగ్గుతుంది కాని, మొదటి ఏళ్లలో ఆ తగ్గడం నత్తనడక. ఇరవై ఏళ్లూ కడితే మూడువేలకు కట్టేది ఆరువేల ఇరవై రెండు రూపాయల ఎనిమిది అణాలు. సరదా కొద్దీ ఆ రెండువందల నలభై నెలల పట్టికను నా డైరీ వెనక పేజీల్లో ఎక్కించుకున్నాను. ఎవరికోసమూ కాదు.

సరిగ్గా ఆ అప్పుకే వచ్చాడు రాజమల్లయ్య. లాలాగూడ రైల్వే వర్క్‌షాపులో ఫిట్టరు. యాభై ఏళ్ల మనిషి. అతని వెంట భార్య సత్తెమ్మ. వాళ్లు అద్దెకున్న ఇంటి యజమానులు ఊరు విడిచి వెళ్లిపోతున్నారు. అలాంటి ఇళ్లు ఆ ఏడాది చాలా అమ్మకానికి వచ్చాయి. ఆ ఇంటినే వీళ్లు కొంటున్నారు. నాలుగు రోజుల్లో యజమానుల ప్రయాణం. మర్నాడే రిజిస్ట్రేషన్ కావాలి.

నేను కాగితం చూస్తూ, తలెత్తకుండా చదివాను. నెలకు ఇరవై అయిదు రూపాయల ఒకటిన్నర అణా అన్నాను.

‘‘హాలీనా, కల్దారా?’’ అన్నాడు వెంటనే. నిజాం నాణెం హాలీ, ఇండియా నాణెం కల్దారు. అప్పటికి ఇంకా రెండూ చెల్లేవి.

‘‘కల్దార్.’’

‘‘అంటే హాలీల ఇరవై తొమ్మిది దాటుతది,’’ అన్నాడు, వేళ్లు కూడా మడవకుండా.

‘‘ఈయనకు అన్నం లేకున్న నడుస్తది, లెక్క లేకుంటే నడవది,’’ అంది సత్తెమ్మ నాతో. ‘‘కూరగాయలామె ఈయన్ను చూస్తే గంప ఎత్తుకొని ఉరుకుతది.’’

నేను నవ్వాను. అతనూ నవ్వి, కుర్చీ ముందుకు జరుపుకున్నాడు. ‘‘జెర ఇది సుత చూడు బిడ్డా. అయిదేండ్లకు నేను రిటైరైత. ఇరవై ఏండ్లల్ల అయిదేండ్లంటే పావు. మూడువేలల్ల పావు పోతే ఇరవై రెండు వందల యాభై మిగుల్తది. కల్దార్ల లెక్కేసినా నా ఫండు ఇరవై మూడు వందలు వస్తది. ఒక్కసారే కట్టేసి, కాగితం చంకల పెట్టుకొని పోత. మిగిలిన యాభైతోని దావత్. నువ్వు సుత రావాలె. లెక్క కరెక్టే గద?’’

కరెక్టు కాదు. అరవైయవ నెల ఎదురుగా ఉన్న అంకె నాకు గుర్తుంది. రెండువేల ఆరువందల ఇరవై అయిదు. అయిదేళ్లలో అతను కట్టేది పదిహేను వందలు. అసలులో తీరేది నాలుగు వందలు కూడా కాదు. డైరీ నా కాళ్ల దగ్గర సంచిలో ఉంది. తీసి ఆ పేజీ అతని ముందు పెడితే, హాలీని కల్దారుగా నోటితో మార్చిన మనిషికి అర్థం కావడానికి రెండు నిమిషాలు పట్టేది.

నరహరి రావు గారు పక్క బల్ల నుంచి తల తిప్పకుండానే అన్నారు: ‘‘ముందే కట్టేస్తే మంచిదే పెద్దాయనా, ఎవరొద్దంటరు?’’

ఆ మాటలో అబద్ధం లేదు. అడిగినదానికి జవాబూ లేదు. రాజమల్లయ్య ఇంకా నా వైపే చూస్తున్నాడు. గుమస్తాలందరి ముందు నోరు విప్పి, ‘మీ లెక్క తప్పు’ అనాలి. నేను తల ఊపాను. తరువాత సంతకం చేశాను.

ఆ రోజు డైరీలో మూడు ముక్కలే ఉన్నాయి: ‘లాలాగూడ ఫిట్టర్ అడిగాడు. 2,625. తల ఊపాను.’

తరువాత అతను ప్రతి నెలా జీతం అందిన మరునాడే వచ్చేవాడు. రసీదు పుస్తకంలో ఎన్నో వాయిదా అన్నది మాత్రమే రాసేవాళ్లం. ఎంత బాకీ మిగిలిందో రాసే గడి ఆ పుస్తకంలో లేదు. ‘‘ఇంకెంత దూరమున్నది బిడ్డా మన స్టేషను?’’ అనేవాడు రైల్వే ధోరణిలో. నేను వాయిదా సంఖ్య చెప్పేదాన్ని. చెప్పదలిస్తే అరవై సార్లు చెప్పి ఉండవచ్చు. మొదటి నెల చెప్పకపోవడం వల్ల రెండో నెల చెప్పడం కష్టమైంది. ఏడాది గడిచాక, ఇన్నాళ్లూ ఎందుకు చెప్పలేదని అడుగుతాడేమోనన్న భయం వేసింది. సిగ్గు కూడా వడ్డీలాగే పెరిగిందని అప్పట్లో డైరీలో రాసుకున్నాను. రాసుకోవడం వల్ల ఎవరికీ ఏమీ ఒరగలేదు.

అరవైయవ వాయిదా కట్టిన వారానికి అతను గుడ్డసంచి పట్టుకుని వచ్చాడు. అప్పటికి నేను సీనియర్ గుమస్తాను. ముగింపు లెక్క రాసి ఇవ్వాల్సింది నేనే. నోటితో చెప్పలేక, అంకె రాసి కాగితం అతని వైపు జరిపాను.

అంకె మీద వేలు పెట్టి చూశాడు. ‘‘ఇది ఎవరిదో బిడ్డా. నాది కాదు.’’

అతనిదేనని చెప్పి, వడ్డీ ఎలా పోతుందో అప్పుడు వివరించాను. అయిదేళ్ల కిందట చేయాల్సిన పని అది. రెండు నిమిషాలే పట్టింది. అతను మధ్యలో ఒక్కసారే ఆపి, మొదటి నెల ఇరవై వడ్డీకి పోయిందా అని అడిగాడు. పోయిందన్నాను. ఆపైన అన్నీ తనే లెక్కేసుకున్నాడు.

‘‘పోయిన నెల వర్క్‌షాపుల ఇంకో ఏడాది ఉండుమన్నరు,’’ అన్నాడు మెల్లగా. ‘‘నేనే వద్దన్న. అప్పు తీరుతది గద, ఇగ ఎందుకని. ఇప్పుడు ఆ జాగల వేరేటోన్ని వేసుకున్నరు.’’

నేను లెక్క కాగితాన్ని మళ్లీ నా వైపు లాక్కున్నాను.

‘‘అప్పుడు నీకు సుత తెల్వదా బిడ్డా?’’

‘‘తెల్వదు కాకా,’’ అన్నాను.

‘‘నీకేం తెలుస్తది, చిన్నపిల్లవు,’’ అని అతనే నన్ను ఓదార్చాడు.

ఇరవై మూడు వందలూ కట్టించుకున్నాం. మిగిలిన మూడువందల ఇరవై అయిదు చిల్లరకు, అదే వాయిదా చొప్పున, ఇంకా పద్నాలుగు నెలలు. ఫండు అయిపోయింది, జీతం ఆగిపోయింది. కార్ఖానా పేటలో లారీలు బాగుచేసే షెడ్డు ఒకటి ఉండేది. దాని యజమాని ఒకప్పుడు రాజమల్లయ్య దగ్గర కలాసీగా, అంటే చేతికింద కూలీగా, పనిచేసినవాడు. ఆ షెడ్డులో రోజుకూలీకి కుదిరాడు. నేను ఆఫీసుకు నడిచే దారి దాని ముందు నుంచే. మొదటి వారం ఒక ఉదయం, లారీ కింద నుంచి బయటికి పాక్కుంటూ వచ్చి, నన్ను చూసి, నూనె చేతిని పైకెత్తాడు. ఆ తర్వాత పద్నాలుగు నెలలు నేను ఆ వీధిలో నడవలేదు. చుట్టు తిరిగి వెళ్లేదాన్ని. ఎందుకు తొందరగా బయలుదేరుతున్నావని అబ్బా అడిగితే, ఆఫీసులో పని పెరిగిందన్నాను.

చివరి వాయిదా రోజున ఇనప బీరువా తెరిచి దస్తావేజులు తెచ్చి అతని ముందు పెట్టాను. సత్తెమ్మ రాలేదు. అతను కాగితాల కట్ట విప్పుతుండగా చెప్పాను. ముందుగా అనుకుని పెట్టుకున్న మాటలేవీ రాలేదు.

‘‘అయిదేండ్ల లెక్క నాకు అప్పుడే తెలుసు కాకా. తెల్వదన్నది అబద్ధం.’’

అతని చేతులు ఆగాయి. కోప్పడతాడనుకున్నాను, కోప్పడితే బాగుండుననీ అనుకున్నాను. అతను మళ్లీ మొదటి నుంచి ఒక్కొక్క కాగితం తిప్పి, అన్నీ ఉన్నాయని చూసుకుని, కట్ట కట్టాడు.

‘‘ఇగ నేను కట్టేది ఏం లేదు గద, మేడం?’’

అంతవరకు నన్నెప్పుడూ అలా పిలవలేదు. లేదన్నాను.

‘‘నోటితోని వద్దు. రాసియ్యి.’’

సంఘం కాగితం మీద, ఇంగ్లీషులో, బాకీ ఏమీ లేదని రాసి, సంతకం చేసి, ముద్ర వేసి ఇచ్చాను. అతను దాన్ని తీసుకుని పక్క బల్ల దగ్గరికి వెళ్లాడు. అక్కడ కొత్తగా చేరిన గుమస్తాకు ఇచ్చి, ‘‘ఇందుల ఏమున్నదో జెర చదివి చెప్పు సారూ,’’ అన్నాడు. ఆ గుమస్తా చదివి తెలుగులో చెప్పాడు. రాజమల్లయ్య రెండోసారి కూడా చదివించుకున్నాడు. తరువాత కాగితం మడిచి జేబులో పెట్టుకుని వెళ్లిపోయాడు. దావత్ మాట ఎత్తలేదు.

ఆ తరువాత నా ఉద్యోగం ఉన్నన్నాళ్లు ఒక పద్ధతి పాటించాను. తనఖా పత్రం చదివే ముందు ఒక చీటీ మీద మూడు అంకెలు రాసేదాన్ని: మొత్తం కట్టేది ఎంత, అయిదేళ్లకు మిగిలే బాకీ ఎంత, పదేళ్లకు మిగిలేది ఎంత. రాజమల్లయ్య అప్పుకైతే పదేళ్లు కట్టాక కూడా రెండువేల అరవై ఎనిమిది మిగులుతాయి. సగం కాలానికి మూడోవంతు కూడా తీరదు. చీటీ ఇచ్చి ఊరుకునేదాన్ని కాదు. ఆ మూడింటినీ ఎదుటి మనిషి తన నోటితో, తన మాటల్లో నాకు తిరిగి చెప్పేదాకా సంతకం పెట్టేదాన్ని కాదు. కొందరు ఆ అంకెలు విని లేచి వెళ్లిపోయారు. కొందరు తక్కువ అప్పుతో చిన్న ఇల్లు చూసుకున్నారు. కొందరు అన్నీ తెలిసే తీసుకున్నారు. నా బల్ల దగ్గర పని నెమ్మదిగా సాగుతుందని పైవాళ్లు రెండుసార్లు సంజాయిషీ అడిగారు. రాసి ఇచ్చాను.

ఆ ఉదంతం వల్ల నేర్చుకున్నది ఇంతే. ఇంటి అప్పు ధర నెల వాయిదాలో కనిపించదు; ఎన్నేళ్లకు ఎంత మిగులుతుందన్న దాంట్లో కనిపిస్తుంది. ఆ అంకె తెలిసిన గుమస్తా, అడిగినా అడగకపోయినా, దాన్ని పైకి చెప్పాలి. ‘వివరించాను’ అన్న మాట కింద నేను పెట్టిన మొదటి సంతకాలలో ఒకటి తప్పుడు సంతకం. అది ఏ తనిఖీలోనూ బయటపడలేదు.